నీళ్ల డబ్బాల కేసు

కోర్టు వరండాలో బంట్రోతు "ముద్దాయి రాజనర్సయ్యా!" అని కేకేస్తే మొదట్లో ఆయనకు ఒళ్లు చల్లబడేది. కొన్నాళ్లకు కోపం వచ్చేది. ఇప్పుడు ఏమీ రాదు. మోకాలి మీద చెయ్యి ఆనించి లేస్తాడు, లోపలికి వెళ్లి జడ్జిగారికి దండం పెడతాడు, తర్వాతి వాయిదా ఎప్పుడో విని బయటికొస్తాడు. ఆ కేక వేసే బంట్రోతులు మారారు. జడ్జీలు మారారు. ఆయన్ని ముద్దాయిని చేసిన పత్రిక కూడా మూతపడింది. కేసు మాత్రం నడుస్తూనే ఉంది.

రాజనర్సయ్య ఒకప్పుడు 'సమయరేఖ' దినపత్రికకు సంపాదకుడు. సొంతూరు జనగామ దగ్గర పల్లె. డిగ్రీ చదవడానికి నగరానికి వచ్చి, చదువైపోయాక ఊళ్లో చేసేదేమీ లేక, అమీర్‌పేటలో మరో ముగ్గురితో కలిసి ఒక గదిలో ఉంటూ పత్రికలో ప్రూఫులు దిద్దే పనికి కుదిరాడు. మొదటిసారి సొంతంగా వార్త రాసినప్పుడు అలవాటుకొద్దీ 'పోయిండు' అని రాస్తే, డెస్కులో పెద్దాయన దాని చుట్టూ ఎర్ర సిరాతో సున్నా చుట్టి, "ఇదేం భాషండీ బాబూ?" అన్నాడు. చుట్టూ ఉన్నవాళ్లు నవ్వారు. రాజనర్సయ్య ఆ రోజు అన్నం తినలేదు. కానీ పట్టుబట్టి అచ్చు భాష నేర్చుకున్నాడు. ఎంత బాగా నేర్చుకున్నాడంటే, ఆ పెద్దాయనే తర్వాత తన సంపాదకీయాలు ఒకసారి చూసిపెట్టమని ఆయన బల్ల మీద పెట్టి వెళ్లేవాడు. నోటితో మాట్లాడేది మాత్రం చివరిదాకా జనగామ మాటే.

డెస్కు నుంచి ఆయన రిపోర్టింగ్‌కు మారాడు. పరిశోధన అంటే జనం ఏదో గూఢచారి పని అనుకుంటారు గానీ, రాజనర్సయ్య చేసింది పోయి నిలబడటమే. దళారులు తిరిగే ఆఫీసు ముందు టీ బండి దగ్గర రోజుల తరబడి కూర్చునేవాడు. రేషన్ బియ్యం లారీ వెనకాల స్కూటరేసుకుని రాష్ట్రం సరిహద్దు దాకా పోయి, అక్కడ పెట్రోలు అయిపోతే తోసుకుంటూ వచ్చాడు. ఎవరితోనూ గట్టిగా మాట్లాడేవాడు కాదు. ఎదుటివాడు చెప్పినదంతా విని, కాసేపు ఊరుకుని, "ఇంకేమైంది?" అనేవాడు. ఆ ఊరుకోవడం భరించలేక మనుషులు అసలు సంగతి చెప్పేసేవారు.

నీళ్ల డబ్బాల వార్త ఆయన సంపాదకుడు అయిన కొత్తలోది. అమీర్‌పేట మీదుగా మెట్రో ఇంకా లేదు. సందుసందుకీ సాఫ్ట్‌వేర్ కోచింగ్ సెంటర్లు, వాటి వెనకాల అమ్మాయిల హాస్టళ్లు, అబ్బాయిల హాస్టళ్లు. ఒక మధ్యాహ్నం ఒకామె పత్రికాఫీసుకు వచ్చి, లోపలికి రమ్మన్నా రాకుండా మెట్ల దగ్గరే నిలబడింది. పేరు భూలక్ష్మి. ఒక ఆడపిల్లల హాస్టల్లో వంట చేస్తుంది, వార్డెన్ పనీ ఆమెదే. చేతులకు ఇంకా పసుపు ఉంది.

"సారూ, మా హాస్టల్ల పిల్లలకు పచ్చకామెర్లు అయినయి. ఒక పిల్ల పానం పోయింది. దివ్యశ్రీ అని, కరీంనగర్ దిక్కు పిల్ల. మంచి పిల్ల సారూ."

"బయట ఏమన్న తిన్నదా?"

"అందరు అదే అంటున్నరు. ఆ పిల్ల బయట తినదు. నేను వండిందే తింటది. అంటే ఏమాయె? నా వంటకు పేరు వెడుతున్నరు. మా ఓనరు సుత నన్నే అనుమానంగ జూస్తుండు." అంతవరకూ నిబ్బరంగా మాట్లాడిన మనిషి కొంగు నోటికి అడ్డం పెట్టుకుంది.

రాజనర్సయ్య ఆమెను మెట్ల మీద కూర్చోబెట్టాడు. తర్వాత అడిగాడు: "తాగే నీళ్లు ఎక్కడివి?"

"డబ్బాలొస్తయి. పొద్దుగాల ట్రాలీ ఆటో ఏసిపోతది."

సంపాదకుడు కాబట్టి ఎవరినో ఒక రిపోర్టర్ని పంపితే సరిపోయేది. కానీ ఆయనే వెళ్లాడు. తెల్లవారుజామున ఫోటోగ్రాఫర్ని వెనక కూర్చోబెట్టుకుని ఆ ట్రాలీ ఆటో వెంట పడ్డాడు. హాస్టళ్లలో నిండు డబ్బాలు దింపి, ఖాళీవి ఎక్కించుకుని అది ఎర్రగడ్డ వైపు పోయి ఒక రేకుల షెడ్డు ముందు ఆగింది. షెడ్డు పక్కనే మురుగు నాలా. లోపల ఒక బోరు, ఒక రబ్బరు పైపు, డబ్బా మూతలకు సీలు బిగించే మిషను. నీళ్లు శుద్ధి చేసే యంత్రం కూడా ఉంది, దాని మీద బట్టలు ఆరేసి ఉన్నాయి. రాజనర్సయ్య వారం పాటు అక్కడికి వెళ్లాడు. ఒక్క రోజు కూడా ఆ బట్టలు తీసి యంత్రం తిప్పిన వాళ్లు లేరు. సీలు వేసిన డబ్బా ఒకటి కొని పరీక్షకు పంపితే, మురుగులో ఉండాల్సినవన్నీ అందులో ఉన్నాయని తేలింది.

అచ్చుకు ఇచ్చేముందు ఆయన భూలక్ష్మిని పిలిపించాడు. "నీ పేరు రాయను. రాస్తే నౌకరీ పోతది."

"రాయకుంటే కామెర్లు నా వంటకే అంటుకుంటయి సారూ. రాయి. భూలక్ష్మి చెప్పింది అని రాయి."

రాశాడు. మూడు రోజులు వరసగా మొదటి పేజీలో వచ్చింది. అధికారులు షెడ్డుకు తాళం వేశారు. రాజనర్సయ్యకు శాలువాలు కప్పారు. భూలక్ష్మిని హాస్టల్ వాళ్లు పనిలోంచి తీసేశారు. కొన్ని వారాలకు అదే షెడ్డు ఇంకో పేరుతో తెరుచుకుంది. దాని యజమాని రాఘవయ్య, గుంటూరు నుంచి వచ్చి ఇక్కడ వ్యాపారంలో పైకొచ్చిన మనిషి, తన పరువు తీశారని పత్రిక కంపెనీ మీదా సంపాదకుడి మీదా క్రిమినల్ కేసు వేశాడు.

"ఇసొంటి కేసులు మస్తు చూసినం," అని ఆ రోజు రాజనర్సయ్య సమన్లు తీసుకుని నవ్వాడు. నిజమే, చాలా చూశాడు. అవన్నీ ఏదో ఒక రోజు తెగిపోయాయి. ఇది తెగలేదు.

తర్వాతి ఏళ్లు ఎలా గడిచాయో ఆయనకు సరిగ్గా గుర్తుండదు. పెద్ద యజమాని పోయి కొడుకు వచ్చాడు. వార్తల మీటింగుల్లో ప్రకటనల మేనేజరు కూర్చోవడం మొదలైంది. మొదటి పేజీ నిండా కోచింగ్ సెంటర్ల ప్రకటనలు వేసి, వార్తల్ని లోపలికి నెట్టారు. ఫలానా ఆసుపత్రి జోలికి పోవద్దు, ఫలానా బిల్డరు మనవాడే అని ఫోన్లు వచ్చేవి. రాజనర్సయ్య కొన్ని వినలేదు. కొన్ని విన్నాడు. విన్నవాటి గురించి ఇంట్లో చెప్పేవాడు కాదు. కానీ ఆ రోజుల్లో అన్నం దగ్గర మాట్లాడకుండా లేచి వెళ్లిపోయేవాడు కాబట్టి భార్య సుకన్యకు తెలిసిపోయేది. ఆమె సర్కారు బడిలో టీచరుగా చేసింది, మొహం చూసి తప్పు పట్టేసే అలవాటు.

కరోనా వచ్చి పేపరు అమ్మకం పడిపోయింది. ఒక ఉదయం అందరికీ వాట్సాప్‌లో సందేశం వచ్చింది, రేపటి నుంచి పత్రిక రాదని. ఇప్పుడు ఆ అంతస్తులో డేటా సైన్స్ నేర్పుతున్నారు. ఆ కిందనుంచి వెళ్లాల్సి వస్తే రాజనర్సయ్య ఎదుటి ఫుట్‌పాత్ మీద నడుస్తాడు. పంజాగుట్టలో ద్వారకాపురి కాలనీ వెనక సందులో వాళ్ల ఫ్లాట్. అక్కడే బాల్కనీలో కూర్చుని ఒక వెబ్‌సైట్ వాళ్లకు తెలుగు దిద్దిపెడతాడు. యంత్రం తర్జుమా చేసిన వార్తల్ని మనిషి రాసినట్టు మార్చడం ఆ పని. చాలాసార్లు దిద్దడం కంటే కొత్తగా రాయడమే తేలిక.

పత్రిక మూసేముందు యాజమాన్యం ఒక పని చేసింది. ఆయనకు చెప్పకుండా రాఘవయ్యతో రాజీ పడి, లోపలి పేజీలో ఒక మూల విచారం ప్రకటించి, కేసులోంచి బయటపడింది. రెండో ముద్దాయిగా ఉన్న రాజనర్సయ్య ఒక్కడే మిగిలాడు. ఈ సంగతి ఆయనకు చెప్పింది లాయరు సురేందర్. ఒకప్పుడు అదే పత్రికలో కోర్టు వార్తలు రాసి, తర్వాత నల్లకోటు వేసుకున్న మనిషి. అన్నా అని పిలుస్తాడు. లాయరైనప్పటి నుంచి ఈ కేసు తనే చూస్తున్నాడు.

"నీకు ఫోన్ సుత చెయ్యలేదా అన్నా?"

"చెయ్యలేదు."

"ఎంత సిగ్గులేని మనుషులో!"

ఆ రోజు మెట్రోలో కూర్చుని, దిగాల్సిన పంజాగుట్ట దాటి, అమీర్‌పేట కూడా దాటి, ఎర్రగడ్డ దాకా పోయి మళ్లీ వెనక్కొచ్చాడు.

కోర్టు వరండాలో ఫ్యాను కింద ఒకే బెంచీ ఉంటుంది. అందువల్ల ఏళ్లు గడిచేకొద్దీ ఫిర్యాదీ, ముద్దాయీ దాని మీదే పక్కపక్కన కూర్చోవడం మొదలైంది. రాఘవయ్య మొదట్లో తెల్ల కారులో మనుషుల్ని వెంటేసుకుని వచ్చి మొహం తిప్పుకునేవాడు. ఆ మనుషులు పోయారు. వ్యాపారం కొడుకు చేతికి వెళ్లింది. ఇప్పుడు ఒక చేతిలో కర్రా, ఇంకో చేతిలో మాత్రల డబ్బా.

"ఏంటండీ నర్సయ్యగారూ, చిక్కిపోయారు?"

"నిద్ర వడుతలేదు. మీకెట్లున్నది?"

"కిడ్నీలంటున్నారండీ. వారానికి రెండుసార్లు ఆసుపత్రికి తిప్పుతున్నాడు మావాడు." రాఘవయ్య కాసేపు ఊపిరి తీసుకుని అన్నాడు, "ఎందుకండీ ఇద్దరికీ ఈ తిరుగుళ్లు? మీ ఓనరు రాసిచ్చినట్టే మీరూ ఒక ముక్క రాసివ్వండి. ఇవాళే తీసేసుకుంటాను. మీ మీద నాకు కోపం లేదు. దేవుడి మీద ఒట్టు."

కోపం లేదన్నది నిజమేనని రాజనర్సయ్యకు అనిపించింది. తనకూ లేదు. ఇద్దరిలోనూ అంత ఓపిక మిగల్లేదు.

సురేందర్ కూడా అదే మాట. "సంతకం పెట్టన్నా. ఇదేమన్న రాజ్యమా, యుద్ధం చేసేటందుకు? పత్రికే లేదు. ఎవలకు చూపియ్యాలె నువ్వు?"

ఇంట్లో సుకన్య అంతకంటే సూటిగా చెప్పింది. "మా అక్క వాళ్లు కాశీకి పోదామంటే వాయిదా. మోకాలికి ఆపరేషన్ అంటే వాయిదా. నేను పెండ్లి చేసుకున్నది మిమ్మల్నా, ఆ కోర్టునా? పెట్టున్రి సంతకం. ఇగ చాలు."

రాజనర్సయ్య సరేనన్నాడు. అన్న తర్వాత మనసు తేలికపడింది కూడా. సురేందర్ రాజీ కాగితం టైపు చేయించి పంపాడు. తర్వాతి వాయిదాకు సంతకం పెట్టి ఇస్తే అయిపోతుంది.

ఒక్క పని మిగిలింది. ముద్దాయి తరఫు సాక్షిగా భూలక్ష్మి పేరు కోర్టుకు ఇచ్చి ఉంది. ఇక రానవసరం లేదని ఆమెకు చెప్పాలి. ఫోన్లో చెప్పొచ్చు. కానీ ఆయనకు ఫోన్లో చెప్పబుద్ధి కాలేదు.

భూలక్ష్మి ఇప్పుడు అమీర్‌పేట మెట్రో దగ్గర సందులో కర్రీ పాయింటు నడుపుతోంది. సాయంత్రం వేళ కావడంతో హాస్టల్ పిల్లలు మూగి ఉన్నారు. పప్పు, వంకాయ కూర, గోంగూర పచ్చడి పొట్లాలు కట్టి అందిస్తూనే ఆయన్ని చూసి, స్టూలు లాగి వేసింది.

"కూసో సారూ. చాయ్ తెప్పియ్యాల్నా?"

"వద్దమ్మా. ఒక మాట చెప్పి పోత. నువ్విగ కోర్టుకు రావలసిన పని లేదు."

ఆమె మొహం విప్పారింది. "గెలిచినమా?"

"లేదు. రాజీ పడుతున్నం."

"ఏమని?"

రాజనర్సయ్య జేబులోంచి కాగితం తీసి, కళ్లద్దాలు పెట్టుకుని చదివాడు. రచ్చబండ దగ్గర పంతులు చదివినట్టు గబగబా చదివేద్దామనుకున్నాడు గానీ కుదర్లేదు. "సదరు వార్త నిరాధారమైనదని అంగీకరిస్తూ, అందుకు చింతిస్తున్నాను..."

"నిరాధారమంటే ఏంది సారూ?"

జీవితమంతా మాటల అర్థాలు చూసుకుంటూ బతికిన మనిషి కళ్లద్దాలు తీసి చొక్కాకు తుడుచుకున్నాడు. "అంటే... ఆధారం లేనిదని."

భూలక్ష్మి చేతిలో ఉన్న పప్పు గరిటె గిన్నెలో పెట్టేసింది. "ఆధారమంటే నేనే గద సారూ."

ఎవరో అమ్మాయి "ఆంటీ, రెండు వంకాయ" అంది. భూలక్ష్మి అటు తిరిగి పొట్లాలు కట్టింది. మళ్లీ ఇటు తిరిగినప్పుడు ఆమె మొహంలో కోపమేమీ లేదు. "సంతకం పెట్టుకో సారూ. నీ తిప్పలు నీకుంటయి. ఇన్నేండ్లు తిరిగినవు. నన్నిప్పుడు ఎవలడుగుతరు?" అంటూ ఒక కవరులో గోంగూర వేసి, వద్దంటున్నా చేతికిచ్చింది.

ఆయన పంజాగుట్ట దాకా నడిచే వెళ్లాడు. ఫ్లైఓవర్ కింద రద్దీలో రెండుసార్లు ఆగి నిలబడ్డాడు. తన తప్పేమీ లేదని తనకు తానే చెప్పుకున్నాడు. ఆమె పెట్టుకోమంది. భార్య పెట్టుకోమంది. లాయరు పెట్టుకోమన్నాడు. పెట్టొద్దని ప్రపంచంలో ఒక్క మనిషి కూడా అనలేదు. ఎవరైనా ఒకరు అని ఉంటే వాళ్ల మీద విసుక్కుని అయినా పెట్టేసేవాడు.

వాయిదా రోజున బెంచీ మీద కూర్చుని రాఘవయ్యతో అన్నాడు: "మీకు బాధ కలిగినందుకు చింతిస్తున్నా అని రాసిస్త. బాధ కలిగింది నిజమే. ఆ 'నిరాధారం' అన్న మాట ఒక్కటి తీసేద్దాం."

రాఘవయ్య మాత్రల డబ్బా మూత తీసి మళ్లీ పెట్టాడు. "ఆ మాట లేకపోతే మిగిలినదంతా నాకెందుకండీ? ఊళ్లో మా అన్నదమ్ములు ఇప్పటికీ నన్ను మురుగునీళ్ల రాఘవయ్య అనే అంటారు. నాకూ ఆ మాటే కావాలి."

"అయితే కుదరదు."

"కుదరదండీ."

ఇద్దరూ చాయ్ తాగారు. బంట్రోతు కేకేశాడు.

సురేందర్ తల పట్టుకున్నాడు. సుకన్య రెండు రోజులు మాట్లాడలేదు. మూడో రోజు అన్నం పెడుతూ, "పోనీ, ఆ భూలక్ష్మి వస్తదా సాక్ష్యానికి?" అని మాత్రం అడిగింది.

వచ్చింది. ఇస్త్రీ చీర కట్టుకుని, దుకాణం మూసి వచ్చింది. సాక్ష్యం గొప్పగా ఏమీ సాగలేదు. రాఘవయ్య లాయరు తేదీలు అడిగితే తడబడింది. ఏ నెల అంటే "యాది లేదు సార్" అంది. సంవత్సరం తప్పు చెప్పింది. "పత్రిక వాళ్లు చెప్పమన్నదే చెబుతున్నావు కదా?" అంటే చెమటలు పట్టి నీళ్లడిగింది. కానీ దివ్యశ్రీ ఏం తింది, ఏం తాగింది అన్న దగ్గర మాత్రం మాట తప్పలేదు. "నేనొండిన అన్నం తిన్నది. ఆ డబ్బాల నీళ్లు తాగింది. ఆ పిల్ల పండుకున్న మంచం కాడ నేనే కూసున్న," అని ఊరుకుంది. లాయరు ఇంకేమీ అడగలేదు.

అప్పటికి రాఘవయ్య కోర్టుకు రావడం మానేశాడు. కొడుకు కేదార్ వచ్చి వెనక నిలబడేవాడు.

తీర్పు రోజున కొత్తగా వచ్చిన జడ్జిగారు, చిన్న వయసు ఆవిడ, తల వంచుకుని చదివారు. ప్రజారోగ్యం దృష్ట్యా, మంచి ఉద్దేశంతో రాసిన వార్త కాదని ఫిర్యాదీ రుజువు చేయలేకపోయారు గనక ముద్దాయిని నిర్దోషిగా విడుదల చేస్తున్నట్టు చెప్పి, తర్వాతి ఫైలు అందుకున్నారు. వార్త నిజమేనన్న మాట ఆ తీర్పులో ఎక్కడైనా వస్తుందేమోనని రాజనర్సయ్య చెవులు రిక్కించి విన్నాడు. రాలేదు. సురేందర్ చెయ్యి పట్టుకుని ఊపేశాడు. రాజనర్సయ్య తనకు సంతోషం ఎప్పుడు వస్తుందా అని చూసుకున్నాడు. రాలేదు.

వరండాలో కేదార్ ఎదురయ్యాడు. కోపంగా లేడు. అతనిదీ ఆసుపత్రుల చుట్టూ తిరిగి అలసిన మొహమే. "అప్పీలు అవీ మేం వెయ్యమండీ. నాకు ఓపిక లేదు. నాన్నగారు మాత్రం పొద్దున్నే అడిగారు, ఇవాళ ఏదో ఒకటి తేలుతుందటగా అని. డాక్టర్లు ఎక్కువ రోజులు చెప్పట్లేదు. ఆయనకి ఏమని చెప్పాలో తెలీట్లేదు."

రాజనర్సయ్య అలవాటు ప్రకారం కాసేపు ఊరుకున్నాడు. తర్వాత, "వాయిదా పడ్డదని చెప్పు," అన్నాడు.

కేదార్ తలూపి, ఆయన చేయి ఒకసారి నొక్కి వెళ్లిపోయాడు.

భూలక్ష్మీ ఆయనా కలిసి మెట్రో ఎక్కారు. ఆమెకు సీటు దొరికింది, ఆయన్ని కూర్చోమని లేచింది. ఖైరతాబాద్ దాటాక అడిగింది, "అయితే ఇగ అయిపోయినట్టేనా?"

"అయిపోయింది."

"మంచిగాయె. మళ్లా పిలువకు సారూ. దుకాణం దెబ్బ తింటున్నది."

ఆయన నవ్వాడు. ఎన్నాళ్ల తర్వాతో వచ్చిన నవ్వు, సగంలోనే దగ్గుగా మారింది. పంజాగుట్టలో ఆయన దిగాడు. ఆమె అమీర్‌పేటకు సాగిపోయింది, సాయంత్రం కూరలకు ఇంకా తరగాల్సినవి ఉన్నాయని.

ఇంటికొచ్చి చెప్పులు విప్పకుండానే ఎవరికైనా చెప్పాలనిపించింది. సుకన్య గుడికి వెళ్లింది. పాత ఫోను నంబర్లలో వెతికి, తన కింద ఏళ్ల తరబడి పనిచేసి ఇప్పుడు ఒక రియల్ ఎస్టేట్ కంపెనీకి ప్రచారం చూస్తున్న మహేశ్‌కు ఫోన్ చేశాడు.

"సార్! ఎట్లున్నరు సార్? మస్తు రోజులాయె."

"బాగున్న. కేసు కొట్టేసిన్రు మహేశ్."

"ఏ కేసు సార్?"

"అదే... నీళ్ల డబ్బాలది. అమీర్‌పేట హాస్టళ్లల్ల..." రాజనర్సయ్య మొదలుపెట్టాడు. ఆ పిల్ల పేరు దగ్గరికి వచ్చేసరికి అటువైపు ఎవరో మహేశ్‌ను పిలుస్తున్నట్టు వినిపించింది. ఆయన ఆగాడు. "ఏం లేదులే, పాతది. నువ్వు పని చూసుకో."

ఫోను పక్కన పెట్టి దివాన్ మీద వాలాడు. సుకన్య తలుపు తీసుకుని వచ్చేసరికి ఆయన చొక్కా కూడా మార్చుకోకుండా నిద్రపోతున్నాడు. ఏమైందో అడగడానికి లేపబోయి, ఆ మొహం చూసి, ఫ్యాను ఒక పాయింటు పెంచి వంటింట్లోకి వెళ్లింది.